బొమ్మల మాస్టారు యిర్జీ ట్రన్కా

బొమ్మలతో తీసిన సినిమాల చరిత్రలో చెక్ దేశస్థుడు యిర్జీ ట్రన్కాకు పెద్ద పీట ఉంది. ఆయన బొమ్మలు చేశారు, సినిమాలు తీశారు, పిల్లల పుస్తకాలకు చిత్రాలు వేశారు, పిల్లల కోసం కథ కూడా రాశారు. పూర్వ విద్యార్థుల సంచికలో ఆయన గురించి రాయడానికి కారణం ఒకటుంది. ఆ జీవితాన్ని మలుపు తిప్పింది బడిలో పాఠం చెప్పిన ఒక మాస్టారు.

ట్రన్కా 1912 ఫిబ్రవరి 24న పిల్జెన్ నగరంలో పుట్టారు. తండ్రి ప్లంబరు, తల్లి బట్టలు కుట్టేవారు. చిన్నతనంలోనే కొయ్యతో బొమ్మలు చెక్కి తోటి పిల్లలకు ఆడించి చూపేవారు. బడిలో ఆయనకు దొరికిన ఉపాధ్యాయుడు జోసెఫ్ స్కూపా. చెక్ బొమ్మలాటకు తరువాత పెద్ద దిక్కు అయిన వ్యక్తి. ఆ కుర్రవాడి చేతిలో పనితనం ఉందని గుర్తించి స్కూపా తన బొమ్మలాటలో పని అప్పజెప్పారు. ప్రాగ్‌లో కళల చదువుకు పంపడానికి ఇంట్లోవాళ్లు వెనకాడితే నచ్చజెప్పి ఒప్పించిందీ ఆయనే. 1929 నుంచి 1935 వరకు ట్రన్కా అక్కడ చదువుకున్నారు.

1936లో ప్రాగ్‌లో సొంతంగా బొమ్మల నాటకశాల పెట్టారు. అది ఎక్కువ కాలం నిలవలేదు. యుద్ధకాలంలో నాటకాలకు రంగాలంకరణ చేస్తూ, పిల్లల పుస్తకాలకు చిత్రాలు వేస్తూ గడిపారు. 1945లో యుద్ధం ముగిశాక మిత్రులతో కలిసి గీతల సినిమాలు తీసే స్టూడియో ప్రారంభించారు. మరుసటి ఏడాదే కాన్ ఉత్సవంలో బహుమతి వచ్చింది. అయినా ఆయనకు తృప్తి కలగలేదు. తన గీత తెరకెక్కేలోపు చాలామంది చేతులు మారుతోందని బాధపడి బొమ్మల వైపు తిరిగారు.

ఈ పని ఎంత ఓపికతో కూడినదో ఇంజనీరుగా నాకు లెక్క కట్టి చూడాలనిపించింది. సినిమాలో సెకనుకు 24 ఫ్రేములు. ఒక్కో భంగిమను రెండేసి ఫ్రేములు తీసినా నిమిషం సినిమాకు బొమ్మను 720 సార్లు కదపాలి. అలాంటి పనితో గంటకు పైగా నడిచే సినిమాలు తీశారాయన. 1947లో చెక్ పల్లెల పండుగలు, ఆచారాలపై ఒకటి, ఆ తరువాత ఆండర్సన్ చెప్పిన చక్రవర్తి, కోయిల కథ, 1959లో షేక్‌స్పియర్ నాటకం ‘వేసవి రాత్రి కల’. ఆయన బొమ్మల ముఖాలు సాధారణంగా కదలవు. తల వంచిన తీరు, పడే వెలుగు మారితే చాలు, అదే ముఖంలో దుఃఖమూ సంతోషమూ కనిపిస్తాయి.

1965లో తీసిన ‘చేయి’ ఆయన చివరి సినిమా. నిడివి 20 నిమిషాలలోపే, మాటలు లేవు. ఒక చిన్న కళాకారుడు తన పూల మొక్క కోసం కుండీలు చేసుకుంటూ ఉంటాడు. ఒక పెద్ద చేయి వచ్చి తన విగ్రహం చెయ్యమంటుంది. వద్దంటే ఆశ చూపుతుంది, బెదిరిస్తుంది, చివరకు పంజరంలో పెట్టి చేయిస్తుంది. తప్పించుకుని ఇల్లు చేరినవాడు తన పూలకుండీయే నెత్తిన పడి చనిపోతాడు. అదే చేయి అతనికి ఘనంగా అంత్యక్రియలు జరుపుతుంది. సినిమా పరిశ్రమ అంతా ప్రభుత్వం చేతిలో ఉన్న దేశంలో, ఆ ప్రభుత్వ గౌరవాలు అందుకున్న కళాకారుడే ఇది తీశాడు. ఆయన మరణానంతరం దీన్ని నిషేధించారు.

పిల్లలను మాత్రం ఆయన ఎప్పుడూ మరువలేదు. పాత తోటలోకి దారి కనుక్కున్న అయిదుగురు కుర్రాళ్లు, అక్కడి కోపిష్టి పిల్లి కథను స్వయంగా రాసి చిత్రాలు వేసిన ‘తోట’ 1962లో వచ్చింది. 1968లో చిత్రకారుడిగా హాన్స్ క్రిస్టియన్ ఆండర్సన్ పురస్కారం లభించింది. 1969 డిసెంబరు 30న, 57 ఏళ్ల వయసులో కన్నుమూశారు.

‘చేయి’లోని చేయి పని చెప్పి లొంగదీసుకోవాలని చూసింది. స్కూపా మాస్టారి చేయి పిల్లవాడిని అతని దారిలో పెట్టి వదిలింది. ఈ స్వర్ణోత్సవానికి వచ్చిన మనలో చాలామందికి, ఫీజు కట్టలేని రోజునో, చదువు మాన్పిస్తామని నాన్న అన్న రోజునో ఇంటికి వచ్చి మాట్లాడిన మాస్టారు ఒకరు గుర్తుకు రాకపోరు. నేడు మన బడిలో చదువుతున్న పిల్లల కోసం వాళ్ల గడప తొక్కి ఆ నాలుగు మాటలు చెప్పవలసిన వంతు మనది.