బూదికోట హైదరాలీ

కోలారు జిల్లాలో బంగారుపేటకు సమీపాన బూదికోట అనే ఊరు ఉంది. 1720 ప్రాంతంలో హైదరాలీ అక్కడ జన్మించాడు. తండ్రి ఫతే మహమ్మద్ శిరా నవాబు కొలువులో సేనాని. హైదరాలీ పసితనంలోనే ఆయన యుద్ధంలో మరణించగా కుటుంబం కష్టాలపాలైంది. హైదరాలీకి చదవడం, రాయడం అబ్బలేదు. కాని ఆయన జ్ఞాపకశక్తి అమోఘం.

అన్న వెంట ఆయన మైసూరు కొలువులో చేరాడు. 1749లో దేవనహళ్ళి ముట్టడిలో చూపిన సాహసం ఆయనకు పేరు తెచ్చింది. కత్తులు, ఈటెలతోనే యుద్ధాలు గెలిచే కాలం పోయిందని ఆయన గ్రహించాడు. 1755లో దిండిగల్లు ఫౌజుదారు కాగానే ఫ్రెంచివారి సహాయంతో ఫిరంగి దళాన్ని తీర్చిదిద్దాడు. మైసూరు సైనికులు ఇనుప గొట్టాలలో తుపాకిమందు దట్టించి, వెదురుకర్రకు కట్టి తారాజువ్వలు వదిలేవారు. ఇనుప గొట్టం ఎక్కువ ఒత్తిడిని తట్టుకుంటుంది కనుక అవి చాలా దూరం పోయేవి. 1761 నాటికి మైసూరు అధికారం హైదరాలీ చేతికి వచ్చింది. రాజు పేరుకు మాత్రమే మిగిలాడు.

1767లో ఈస్టిండియా కంపెనీతోను, దాని మిత్రుడైన ఆర్కాటు నవాబుతోను యుద్ధం మొదలైంది. మరుసటి ఏడు ముళబాగిలు కోట శత్రువుల వశమైంది. హైదరాలీ దానిని తిరిగి దక్కించుకున్నాడు. కర్నల్ వుడ్ మళ్ళీ కోట మీదికి వచ్చాడు. కింది కోట చిక్కినా కొండమీది కోట లొంగలేదు. 1768 అక్టోబరు 4న హైదరాలీ పెద్ద సైన్యంతో వచ్చిపడ్డాడు. బండరాళ్ళ నడుమ పోరు సాగింది. వుడ్ సేన ఓటమి అంచుకు చేరింది. అప్పుడు బ్రూక్ అనే కెప్టెన్ కొద్దిమందితో, రెండు ఫిరంగులతో ఒక బండ ఎక్కి గుండ్లు కురిపిస్తూ, స్మిత్ దొర వచ్చాడని కేకలు వేయించాడు. స్మిత్ కంపెనీ సేనలో పేరుపొందిన సేనాని. పెద్ద సేనే వచ్చిందనుకొని మైసూరు సైనికులు వెనక్కు తగ్గారు. స్మిత్ నిజంగా రాలేదు. చేతికందిన విజయం ఒక్క కేకతో జారిపోయింది.

హైదరాలీ కుంగిపోలేదు. 1769లో కంపెనీ సేనను దూరంగా మళ్ళించి, సుమారు 6,000 మంది రౌతులతో మెరుపులా మద్రాసు పొలిమేర చేరాడు. కంపెనీ సంధికి దిగివచ్చింది. అయితే మరాఠాలు మైసూరుపై దండెత్తినప్పుడు మాట తప్పి, సహాయం చేయలేదు. 1780లో మళ్ళీ యుద్ధం వచ్చింది. కంచి సమీపాన పొల్లిలూరులో కంపెనీ మందుగుండు బండ్లు పేలిపోయి హైదరాలీ గెలిచాడు. కాని ఆ యుద్ధంలో ఆర్కాటు సీమ పల్లెలెన్నో తగులబడ్డాయి. వాటి నష్టం రైతులదే.

1782 డిసెంబరు 7న చిత్తూరు దగ్గర వీపుమీది రాచపుండుతో హైదరాలీ మరణించాడు. ఆయన దేహాన్ని మొదట కోలారులో తండ్రి సమాధి చెంత ఉంచి, తరువాత శ్రీరంగపట్నం తరలించారు. అక్షరం రాని ఆ బూదికోట బాలుడు జీవితమంతా నేర్చుకుంటూనే ఉన్నాడు. శత్రువు విద్యను నేర్చాడు, చేజారిన గెలుపు నుంచీ నేర్చాడు.