కాషాయం దాల్చిన దొర

దైవాన్ని అన్వేషిస్తూ అడవులకు వెళ్లినవారు కొందరు. దిక్కులేనివారి ముంగిటనే దైవాన్ని దర్శించినవారు మరికొందరు. ఫ్రెడరిక్ బూత్ టక్కర్ రెండో కోవకు చెందిన సేవామూర్తి. బాపట్ల చెంతనున్న స్టూవర్టుపురం ఆవిర్భావానికి ఆయన సంకల్పమే బీజం.

టక్కర్ 1853లో బిహారులోని ముంగేర్‌లో జన్మించారు. తాతగారు ఈస్టిండియా కంపెనీ అధ్యక్షులు. ఆ వంశ గౌరవానికి తగినట్టే టక్కర్ సివిల్ సర్వీసులో చేరి పంజాబులో అధికారి అయ్యారు. లండన్ పేదవాడల్లో విలియం బూత్ సాగిస్తున్న సాల్వేషన్ ఆర్మీ సేవ ఆయన మనసును కదిలించింది. 1881లో కొలువును త్యజించి, మరుసటి ఏడాది చిన్న బృందంతో బొంబాయిలో అడుగుపెట్టారు. వీధుల్లో ఊరేగింపులు జరిపినందుకు కారాగారవాసమూ అనుభవించారు.

దొరగా ఉంటే పేదవాని గుండె తలుపు తెరుచుకోదని గ్రహించి ఆయన కాషాయం కట్టారు. ఫకీర్ సింగ్ అని పేరు మార్చుకున్నారు. పాదరక్షలు విడిచి, భిక్షాన్నంతో జీవించారు. గుజరాత్‌లో ఒక ఊరివారు గుక్కెడు నీళ్లయినా ఇవ్వక పొమ్మన్నారట. చెట్టుకింద నిద్రించిన ఆయన అరికాళ్ల కాయలను చూసి, వారే కరిగిపోయి అన్నం పెట్టారని చెబుతారు.

1888లో బూత్ కుమార్తె ఎమ్మాను వివాహమాడి బూత్ టక్కర్ అయ్యారు. 1896లో దంపతులు అమెరికా వెళ్లారు. బీడుపడిన నేలను, నేలలేని మనిషిని ఒకచోట చేర్చాలన్నది ఆయన తలంపు. ఆ ఆశయంతో నగరాల్లోని నిరుపేద కుటుంబాల కోసం కొలరాడో, కాలిఫోర్నియా, ఒహాయో రాష్ట్రాలలో వ్యవసాయ కాలనీలు నెలకొల్పారు. 1903లో రైలు ప్రమాదం ఎమ్మాను బలిగొంది. అంతటి శోకంలోనూ ఆయన సేవావ్రతం విడువలేదు.

1907లో మళ్లీ భారతదేశం చేరారు. అప్పటికే 1871 నాటి చట్టం కొన్ని జాతులకు పుట్టుకతోనే నేరస్థులన్న ముద్ర వేసింది. ఎరుకలవారు ఒకప్పుడు ఉప్పు, ధాన్యం మోసుకుంటూ ఊరూరా వర్తకం చేసినవారు. రైళ్లు వచ్చి ఆ జీవిక పోయింది. ఇలాంటివారికి నిలువ నీడ, చేతికి పని కల్పిస్తే బతుకు మారుతుందని టక్కర్ ప్రభుత్వాన్ని ఒప్పించారు. 1908లో గోరఖ్‌పూర్‌లో మొదలైన ఆ సెటిల్‌మెంట్ల వరుసలోనే, 1913-14లో స్టూవర్టుపురం వెలసింది. మద్రాసు ప్రభుత్వంలోని ఉన్నతాధికారి హెరాల్డ్ స్టూవర్ట్ పేరు దానికి పెట్టారు.

అయితే ఆ గూడుకు తాళం కూడా ఉంది. హాజరు పలకాలి, అనుమతి లేక పొలిమేర దాటరాదు. సేవకుని కరుణ నిజమే, సర్కారు కాపలా కూడా అంతే నిజం. నీడనిచ్చిన చేయి స్వేచ్ఛను ఇవ్వలేకపోయింది. టక్కర్ 1929లో లండన్‌లో కన్నుమూశారు. ఆ చట్టం 1952లో గానీ రద్దు కాలేదు. ముద్ర మాత్రం ఆ తర్వాతా వెంటాడింది. దాన్ని చెరిపేందుకు 1970వ దశకంలో లవణం, హేమలత దంపతులు ఆ ఊరికి తరలివచ్చారు.

పైకప్పు ఒక్కటే ఇల్లు కాదు. తలెత్తుకుని గడప దాటే హక్కు ఉన్నప్పుడే అది ఇల్లవుతుంది. అన్నం పెట్టడం పుణ్యమే. అయితే ఎదుటివానిని అనుమానించకుండా పెట్టడం అంతకు మించిన ఆరాధన. ఫకీర్ సింగ్ జీవితంలోని వెలుగు, ఆయన కట్టించిన గూటిలోని చీకటి మనకు చెప్పే పాఠం ఇదే.