శ్రీ గూడవల్లి రామబ్రహ్మము గారు

కృష్ణామండలమందలి నందమూరు గ్రామమున 1902వ సంవత్సరమున శ్రీ రామబ్రహ్మము గారు జన్మించిరి. తొలుత ‘ప్రజామిత్ర’ పత్రికకు సంపాదకులై ప్రసిద్ధి గాంచిరి. తెలుగు చలనచిత్రములు మిక్కిలిగా పురాణగాథలనే యాశ్రయించియున్న ఆ దినములలో, ప్రజల కష్టములను తెరపై జూపవలెనని సంకల్పించిరి. సారథి సంస్థ పక్షమున 1938లో ‘మాలపిల్ల’ను వెలువరించి అస్పృశ్యతను ఖండించిరి. బ్రాహ్మణ యువకుడు హరిజన బాలికను ప్రేమించిన ఆ కథను చలము గారు రచించిరి. కాంచనమాల కథానాయికగా నటించెను. బళ్లారి రాఘవ గారు నటించిన ‘రైతుబిడ్డ’ 1939లో జమీందారుల దౌర్జన్యమును బయల్పరచెను. ఆ సంస్థకు అండగా నిలిచినవారు చల్లపల్లి జమీందారు గారే యగుట విశేషము! ఇతర జమీందారు లాగ్రహింపగా ఆంగ్లప్రభుత్వము ఆ చిత్రప్రదర్శనమును నిషేధించెను. అయినను వీరి ధైర్యము సడలలేదు. పిమ్మట ‘పత్ని’, ‘పంతులమ్మ’ మున్నగు చిత్రములను నిర్మించిరి. 1946లో, నలువది నాలుగేండ్లకే కీర్తిశేషులైరి. వినోదమును సైతము లోకహితమునకు వినియోగింపవచ్చునని వీరి జీవితము విద్యార్థులమగు మనకు బోధించుచున్నది.