ఏనుగుల శాల నుంచి హాలీవుడ్ దాకా: సాబూ జీవితం

మోగ్లీ కథ మన పిల్లలందరికీ తెలుసు. తోడేళ్ల మధ్య పెరిగిన ఆ అడవి పిల్లవాణ్ణి బొమ్మల సినిమాల్లో చూసే ఉంటారు. ఆ బొమ్మల సినిమాలకు చాలా ముందే, 1942లో, హాలీవుడ్ తీసిన ‘జంగిల్ బుక్’లో మోగ్లీగా నటించింది మన దక్షిణాది కుర్రవాడు. పేరు సాబూ. హాలీవుడ్‌లో పెద్ద పేరు తెచ్చుకున్న తొలి భారతీయ నటుల్లో ఆయన ఒకరు. ఈ తరం యువతకు ఆయన జీవితం తెలియాలనే మేం ఈ నాలుగు మాటలు రాస్తున్నాం.

సాబూ 1924 జనవరి 27న మైసూరు సంస్థానంలోని కారాపూర్‌లో పుట్టారు. అది కబిని నది ఒడ్డున, కాకనకోట అడవిని ఆనుకుని ఉన్న ఊరు. తండ్రి మహారాజు ఏనుగుల మావటి. వారిది ముస్లిం కుటుంబం, ఆదివాసీ కుటుంబం కాదు. అయితే ఆ అడవి జేను కురుబల అడవి. ఏనుగుల్ని పట్టడంలో, మచ్చిక చేయడంలో తరతరాలుగా వాళ్ల నైపుణ్యం ఉంది. అలాంటి చోట పెరిగిన సాబూకి ఏనుగే నేస్తం. తల్లిదండ్రులిద్దరూ చిన్నప్పుడే పోయారు. మహారాజు ఏనుగుల శాలే ఆయనకు నీడనిచ్చింది. అమ్మానాన్నల్లేని పిల్లల్ని రోజూ చూసే మాలాంటి హాస్టల్ వార్డెన్లకు ఈ మాట దగ్గర మనసు ఆగిపోతుంది.

1935 ప్రాంతంలో రాబర్ట్ ఫ్లాహర్టీ అనే దర్శకుడు సినిమా తీయడానికి మైసూరు వచ్చారు. ఏనుగుతో భయం లేకుండా మెలిగే పిల్లవాడు ఆయనకు కావాలి. సాబూ దొరికారు. అప్పటికి ఆయనకు ఇంగ్లీషు రాదు, నటన అంటే తెలియదు. తెలిసినదల్లా ఏనుగే. ఆ విద్యే ఆయన్ను అన్నగారితో పాటు లండన్ చేర్చింది. నిర్మాత అలెగ్జాండర్ కోర్డా కూడా హంగరీ నుంచి వలస వచ్చినవారే. 1937లో ‘ఎలిఫెంట్ బాయ్’ విడుదలయ్యేసరికి సాబూ వయసు 13. ఆ సినిమాతో ప్రపంచమంతా ఆయన పేరు తెలిసింది.

పేరు గురించి ఒక మాట. ఆయన సాబూ దస్తగీర్‌గా ప్రసిద్ధులు. దస్తగీర్ నిజానికి అన్నగారి పేరని, అది ఈయన పేరుకు వచ్చి చేరిందని పరిశోధించినవారు చెబుతారు. బడి రిజిస్టర్లలో మన పిల్లల ఇంటిపేర్లు తారుమారు కావడం చూస్తూనే ఉన్నాం కదా!

1938లో వచ్చిన ‘ది డ్రమ్’లో బ్రిటిష్ వారికి సాయపడే రాకుమారుడి వేషం వేయించారు. అది సామ్రాజ్యాన్ని పొగిడే సినిమా అని బొంబాయి, మద్రాసుల్లో జనం నిరసన తెలిపారు. కథ రాసింది పెద్దలు, తెరమీద కనిపించింది 14 ఏళ్ల పిల్లవాడు. 1940లో ‘థీఫ్ ఆఫ్ బాగ్దాద్’ వచ్చింది. సీసాలోంచి బయటికొచ్చిన భూతాన్ని తెలివితో లొంగదీసుకునే చిన్న దొంగగా సాబూ అందరి మనసూ దోచారు. లండన్‌లో మొదలైన ఆ సినిమాను యుద్ధం వల్ల అమెరికాలో పూర్తి చేయాల్సి వచ్చింది. దానికి మూడు ఆస్కార్లు వచ్చాయి. సాబూ అమెరికాలోనే స్థిరపడ్డారు.

ఆ రోజుల్లో అమెరికా పౌరసత్వం మనవాళ్లకు అందని పండు. భారతీయులకు ఆ అర్హత లేదని 1923లో అక్కడి సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. 1946లో గానీ చట్టం మారలేదు. సాబూ 1944లోనే పౌరుడయ్యారు. సినిమాలు పక్కనపెట్టి అమెరికా వైమానిక దళంలో చేరారు. పసిఫిక్ యుద్ధరంగంలో బి-24 బాంబర్ విమానాల్లో తుపాకీ పేల్చే సైనికుడిగా ఎన్నో దాడుల్లో పాల్గొని, ‘డిస్టింగ్విష్డ్ ఫ్లయింగ్ క్రాస్’ పతకం అందుకున్నారు.

యుద్ధం నుంచి తిరిగొచ్చింది 20 దాటిన యువకుడు. సినిమావాళ్లకు మాత్రం ఇంకా ఆ అడవి పిల్లవాడే కావాలి. 1947లో ‘బ్లాక్ నార్సిసస్’లో మంచి పాత్ర దక్కింది. ఆ తర్వాత ఎక్కువగా చిన్న సినిమాలే. తలపాగా, అడవి, ఏనుగు, పులి... వేషం మారలేదు. డాక్టరుగానో, మామూలు ఇంటాయనగానో ఆయన్ను ఊహించినవారు అరుదు. 1952లో లండన్ సర్కస్‌లో ఏనుగులతో ప్రదర్శన ఇచ్చారు. ‘మదర్ ఇండియా’లో బిర్జూ పాత్రకు మెహబూబ్ ఖాన్ ఆయన్ను అనుకున్నారు, కానీ కుదరలేదు. ఆ పాత్ర సునీల్ దత్‌కు వెళ్లింది. సాబూ ఒక్క భారతీయ సినిమాలోనూ నటించకుండానే పోయారు.

1948లో పెళ్లి చేసుకున్నారు, ఇద్దరు పిల్లలు. సినిమాలు తగ్గినా ఇల్లు నడుపుకున్నారు. 1963 డిసెంబర్ 2న కాలిఫోర్నియాలో గుండెపోటుతో కన్నుమూశారు. 40 నిండటానికి ఇంకా రెండు నెలలు కూడా లేవు. ఆఖరి సినిమా ‘ఎ టైగర్ వాక్స్’ మరుసటి ఏడాది వచ్చింది. అందులోనూ పులి ఉంది.

పిల్లలూ, సాబూను పైకి తెచ్చింది అడవి నేర్పిన విద్య. దాన్ని చిన్నచూపు చూసుకోవద్దు. ఆయన్ను కట్టిపడేసింది ఇతరులు గీసిన బొమ్మ. నేడు మన గూడేలకూ కెమెరాలు వస్తున్నాయి. థింసా ఆడమంటారు, ఈకలు పెట్టుకోమంటారు, విల్లు పట్టుకోమంటారు. ఆడదాం, మన ఆట మనకు గౌరవమే. కానీ ఆ కథ ఎవరు రాశారు, మన గురించి ఏం చెబుతోంది అని ముందు అడుగుదాం. కెమెరా వెనక నిలబడే పనీ, కథ రాసే పనీ మనం నేర్చుకుందాం. సాబూకు ఆ అవకాశం రాలేదు. ఇప్పుడు మీ చేతిలో ఫోను ఉంది, చదువుంది. మన కథ మనమే చెప్పుకోవచ్చు.