రక్తానికీ, బుద్ధికీ బలమిచ్చే మందు కోసం శ్రమించిన సుబ్బారావు

సామర్లకోట: ఇక్కడ రాజమండ్రి వైపు రైలెక్కితే బిక్కవోలు దాటాక అనపర్తి వస్తుంది. ప్రపంచ ప్రఖ్యాత వైద్య శాస్త్రజ్ఞుడు డాక్టర్ యల్లాప్రగడ సుబ్బారావుకు అది అత్తవారి ఊరు. ఆయన అమెరికా చదువుకు మామగారు కస్తూరి సూర్యనారాయణమూర్తి డబ్బు సమకూర్చగా, కాకినాడలోని మల్లాడి సత్యలింగ నాయకర్ ధర్మసంస్థ సాయం చేస్తామని మాట ఇచ్చింది. తినే తిండిలో లోపం వస్తే రక్తం, నరాలు, జ్ఞాపకశక్తి ఎలా దెబ్బతింటాయో లోకానికి తెలియడంలో ఈ గోదావరి బిడ్డ పాత్ర ఎంతో ఉంది.

సుబ్బారావు 1895 జనవరి 12న భీమవరంలో జన్మించారు. తల్లి వెంకమ్మ. చిన్నతనంలో చదువు మీద అంతగా మనసు నిలవలేదు. మెట్రిక్యులేషన్ మూడోసారికి గాని గట్టెక్కలేదు. ఇద్దరు సోదరులు స్ప్రూ అనే జబ్బుతో కొద్దిరోజుల తేడాలో కన్నుమూశారు. పేగులు ఆహారంలోని సారాన్ని పీల్చుకోలేక, విరేచనాలతో, రక్తం తగ్గి మనిషి కృశించిపోయే జబ్బు అది. ఈ దుఃఖమే ఆయనను వైద్య పరిశోధన వైపు నడిపించింది.

మద్రాసు వైద్య కళాశాలలో ఖద్దరు ధరించి ఆంగ్లేయ ప్రొఫెసరు ఆగ్రహానికి గురయ్యారు. అందువల్ల ఎం.బి.బి.ఎస్. బదులు తక్కువ స్థాయి ఎల్.ఎం.ఎస్. పట్టాతో సరిపెట్టుకోవలసి వచ్చింది. 1922 అక్టోబరులో భార్య శేషగిరిని ఇక్కడే విడిచి అమెరికాలోని బోస్టన్ చేరారు. పొట్ట గడవడానికి ఆసుపత్రిలో రోగుల మలమూత్రాల పాత్రలు ఎత్తే పని కూడా చేశారు. ఆయన మళ్లీ స్వదేశం రాలేదు. పుట్టిన కొడుకును చూడనే లేదు. ఆ బిడ్డ పసితనంలోనే చనిపోయాడు.

హార్వర్డ్‌లో పరిశోధనలు చేసి 1940లో లెడర్లీ మందుల సంస్థలో చేరారు. ఆయన నాయకత్వంలో 1945లో ఫోలిక్ ఆసిడ్‌ను ప్రయోగశాలలో తయారు చేశారు. ఆకుకూరలలో, పప్పులలో, లివరులో ఉండే విటమిన్ ఇది. క్యూబా, పోర్టోరికో దీవులలో స్ప్రూ రోగులకు ఇస్తే కోలుకున్నారు. సోదరులను బలిగొన్న జబ్బుకు అలా మందు దొరికింది.

అయితే ఒక చిక్కు వచ్చిపడింది. మరో రకం రక్తహీనత ఉన్నవారికి ఫోలిక్ ఆసిడ్ ఇస్తే రక్తం బాగుపడింది గాని, కాళ్లు చేతుల తిమ్మిరి, నడక తూలడం ఆగలేదు. నరాలు క్షీణిస్తూనే పోయాయి. వారికి కావలసినది వేరొక విటమిన్. దానిని 1948లో అమెరికా, ఇంగ్లండు శాస్త్రజ్ఞులు లివరు నుంచి వేరు చేశారు. అదే బి12. ఆ సంవత్సరం ఆగస్టులోనే సుబ్బారావు 53 ఏళ్ల వయసులో మరణించారు. గోదావరి డెల్టాను పీడించిన బోదకాలుకు నేటికీ వాడే హెట్రజాన్ మందు కూడా ఆయన బృందం కృషి ఫలితమే.

కరెంటు తీగకు రబ్బరు తొడుగు ఎలాగో, నరాలకు ఒక పొర అలాగ. బి12 చాలకపోతే ఆ పొర చెడుతుంది. తిమ్మిర్లు, మతిమరుపు, తికమక, చిరాకు కలుగుతాయి. కొందరిలో రక్తం తగ్గక ముందే ఇవి కనిపిస్తాయి. ముసలితనం వచ్చిందిలే అని ఇంటివారు ఊరుకుంటే నష్టం శాశ్వతం కావచ్చు. తొందరగా గుర్తించి మాత్రలో, ఇంజెక్షన్లో ఇస్తే చాలామంది కోలుకుంటారు. మతిమరుపు అంతా దీనివల్లే కాదు. కనుక రక్తపరీక్ష చేయించి తెలుసుకోవాలి.

బి12 పాలు, పెరుగు, గుడ్లు, చేపలు, మాంసంలో ఉంటుంది. కూరగాయలలో ఉండదు. అందుచేత శాకాహారులు, వృద్ధులు, చక్కెర జబ్బుకు మెట్‌ఫార్మిన్ మాత్రలు ఏళ్ల తరబడి వాడేవారు జాగ్రత్తపడాలి. తల్లికి బి12 మరీ తక్కువైతే చంటిబిడ్డ మందకొడిగా తయారై, నేర్చిన ఆటపాటలు కూడా మరచిపోవచ్చు.

ఫోలిక్ ఆసిడ్‌కు తోటకూర, పాలకూర, గోంగూర, శనగలు, పెసలు మంచివి. ఆకుకూరను ఎక్కువసేపు ఉడికించి నీరు పారబోస్తే సారం పోతుంది. గర్భం నిలిచిన తొలి నెలలోనే బిడ్డ మెదడు, వెన్నుపాము రూపుదిద్దుకుంటాయి. కాబట్టి ముందు నుంచే ఫోలిక్ ఆసిడ్ అందాలి. వెన్నుపాము లోపాలను ఇది చాలావరకు నివారిస్తుందని 1991లో ఇంగ్లండులో ప్రకటించిన పరిశోధన రుజువు చేసింది. గర్భిణులకు ఆరోగ్య కేంద్రాలలో ఇచ్చే ఇనుము మాత్రలో ఇదీ కలిసి ఉంటుంది. ఆ మాత్ర ఇంట్లో మూలపడేస్తే సుబ్బారావు పడిన శ్రమ మన గడప దాకా వచ్చి వృథా అయినట్లే.