ఉప్పు తిన్న ఇంటి మీదికి: మల్కిభరాముని జీవితం

నరసరావుపేట నుంచి గుంటూరు పోయే బస్సులో ఫిరంగిపురం దగ్గర పడుతుంటే కొండవీటి కొండలు కనిపిస్తాయి. కొండ మీద రెడ్డి రాజులు తవ్వించిన చెరువులున్నాయి, కూలిన బురుజులున్నాయి, గుళ్లున్నాయి, మసీదూ ఉంది. 2022లో పల్నాడు జిల్లా ఏర్పడినప్పుడు ఈ కొండవీడు కూడా అందులో చేరింది. వినుకొండ, బెల్లంకొండ, తంగెడ కోటలు ఎటూ పల్నాటి సీమవే. ఈ కోటలన్నిటి తలరాతనూ మార్చిన ఒక మహాయుద్ధం ఇక్కడికి చాలా దూరంలో, కృష్ణ ఎగువన జరిగింది. అదే 1565 నాటి తళ్ళికోట యుద్ధం. దానినే రాక్షసి తంగడి యుద్ధమని కూడా అంటారు. పేరు దగ్గరగా ఉంది గనుక మన దాచేపల్లి దగ్గరి తంగెడ అనుకునేవారు ఇప్పటికీ ఉన్నారు. అది వేరు, ఇది వేరు.

బడిలో ఈ పాఠం వచ్చిన రోజు మాకు బాగా గుర్తు. అయ్యవారు చెడ్డవారేమీ కాదు, పుస్తకంలో ఉన్నదే చెప్పారు. ముస్లిం సుల్తానులంతా ఒక్కటై హిందూ సామ్రాజ్యాన్ని కూల్చారన్నారు. అంతే, తరగతిలోని తలలు కొన్ని మా బెంచీ వైపు తిరిగాయి. నాలుగు వందల ఏళ్ల కిందటి యుద్ధానికి పల్నాటి పల్లెలో పదేళ్ల పిల్లలు జవాబుదారీ అయిపోయారు. ఇంటికి వచ్చి అడిగితే పెద్దలకూ తెలియదు. చాలా ఏళ్ల తరువాత, ఆ యుద్ధంలో ఎడమ పక్క దళాన్ని నడిపిన గోల్కొండ సుల్తాను ఇబ్రహీం కుతుబ్ షా జీవితం చదివినప్పుడు గానీ ఆ పాఠం ఎంత పొట్టిగా ఉందో మాకు తెలిసి రాలేదు.

ఇబ్రహీం గోల్కొండ రాజ్య స్థాపకుడు సుల్తాన్ కులీకి చిన్న కొడుకు. 1543లో, తొంభై ఏళ్ల వయసని చెప్పే ఆ ముసలి సుల్తాను నమాజులో ఉండగా హంతకుడు కత్తి దించాడు. వెనక ఉన్నది సొంత కొడుకు జంషీద్. జంషీద్ గద్దెనెక్కాడు. అన్న కుతుబుద్దీన్ కళ్లు తీయించాడు. అప్పుడు ఇబ్రహీం దేవరకొండ కోటలో ఉన్నాడు. కబురందగానే ప్రాణాలు అరచేత పట్టుకుని బీదరుకు పరుగెత్తాడు. అక్కడి బరీద్ షా ఆదరించినట్టే ఆదరించి ఆయన ఏనుగుల మీద, సొమ్ము మీద కన్నేశాడు. సాటి ముస్లిం సుల్తాను నీడలో నిలువలేక ఆయన దక్షిణాన కృష్ణ దాటి విజయనగరం చేరాడు. వెంట నడిచింది కొద్దిమంది. ఒక సయ్యద్, ఒక హబ్షీ, కానాజీ అనే ఒక బ్రాహ్మణుడు.

విజయనగరంలో అప్పుడు అధికారమంతా శ్రీకృష్ణదేవరాయల అల్లుడు అళియ రామరాయలది. ఈ రామరాయలు యౌవనంలో కొంతకాలం సుల్తాన్ కులీ కొలువులోనే పని చేశాడని గోల్కొండ చరిత్ర రాసిన ఒక అజ్ఞాత రచయిత చెప్పాడు. అదే నిజమైతే తండ్రి దగ్గర ఉద్యోగం చేసినవాడు కొడుక్కి ఆశ్రయమిచ్చాడన్న మాట. ఆశ్రయం కూడా ఏదో దయతలచి పడేసిన ముద్ద కాదు. జాగీరిచ్చాడు, కొలువులో పెద్దపీట వేశాడు. ఆ జాగీరు అంతకుముందు అంబర్ ఖాన్ అనే హబ్షీ సర్దారుదట. అతడు కోపించి ఇబ్రహీంను ద్వంద్వ యుద్ధానికి పిలిచి ఆయన చేతిలోనే చనిపోయాడని ఫరిష్తా రాశాడు. ఈ ఒక్క సంగతి చాలు, విజయనగరం కొలువులో ముస్లిం సర్దారులు ఎంత సహజంగా మసలేవారో తెలుసుకోవడానికి. ఆ నగరంలో తురకవాడ ఉండేది. 1439లో అహ్మద్ ఖాన్ అనే అధికారి కట్టించిన మసీదు హంపీలో ఇప్పటికీ నిలిచి ఉంది.

ఏడేళ్లు ఇబ్రహీం ఆ ఉప్పు తిన్నాడు. తెలుగు మాట, తెలుగు పద్యం ఆయన చెవికెక్కింది ఆ ఏళ్లలోనే.

1550లో జంషీద్ చనిపోయాడు. పసివాడైన సుభాన్ కులీని గద్దె మీద కూర్చోబెట్టి సర్దారులు పెత్తనం చేయబోయారు. గోల్కొండలో తెలుగు నాయకవాడీ సైన్యానికి పెద్ద జగదేవరావు, ఆయనతో పాటు ముస్తఫా ఖాన్ కలిసి ఇబ్రహీంకు కబురు పెట్టారు. రామరాయలు సంతోషంగా సాగనంపాడు. ఆ జూలైలోనే ఇబ్రహీం సుల్తానయ్యాడు.

ఇక్కడి నుంచి కథ చిక్కుపడుతుంది. దక్కనులో అప్పుడు బీజాపూరు, అహమద్‌నగర్, గోల్కొండ, బీదరు, బీరారు అని ఐదు సుల్తనతులు. ఐదింటికీ ఒకదానితో ఒకటి పడదు. రామరాయలు ఈ తగవుల్లో ఎవరు బలహీనంగా ఉంటే వారి పక్కన చేరి, ప్రతిసారీ రెండు కోటలు అదనంగా సంపాదించేవాడు. బీజాపూరు అలీ ఆదిల్ షా స్వయంగా విజయనగరం వెళ్లాడు. రామరాయల భార్య ఆయనను కొడుకుగా స్వీకరించిందని ఫరిష్తాయే రాశాడు. అంటే తళ్ళికోటలో రామరాయల మీదికి కత్తి ఎత్తిన ముగ్గురు పెద్ద సుల్తానుల్లో ఇద్దరు ఆ ఇంట బిడ్డల్లా తిరిగినవారే. ఇదే రామరాయలు, ఆదిల్ షా, ఇబ్రహీం కలిసి అహమద్‌నగర్ హుసేన్ నిజాం షా రాజ్యాన్ని తొక్కేశారు. అప్పుడు ఇబ్రహీం పైకి రామరాయల పక్షాన ఉంటూ లోపల హుసేన్‌కు సాయం చేశాడు. రామరాయలు మరీ బలిసిపోతే రేపు తన వంతే వస్తుందని లెక్క వేసుకుని ఉంటాడు. లెక్క తప్పు కాదు గానీ, దారి మాత్రం సూటిగా లేదు.

తరువాత ఇబ్రహీం హుసేన్ కూతురిని కల్యాణిలో పెళ్లాడి బాహాటంగానే ఆ పక్షం చేరాడు. రామరాయలు ఊరుకోలేదు. 1563 ప్రాంతంలో గోల్కొండ రాజ్యం మీదికి మూడు వైపులా సేనలు దూకాయి. ఒక వైపు నుంచి వచ్చింది మన కొండవీడు సేన. ఇక్కడి పాలకుడు సిద్ధిరాజు తిమ్మరాజు యాభై వేల గుర్రాలతో కొండపల్లి, మచిలీపట్నం మీదికి నడిచాడని రాశారు. యాభై వేలన్నది ఆ కాలపు రాతల అలవాటు, పట్టించుకోనక్కర లేదు. కృష్ణకు ఈవలి ఊళ్లు ఆవలి ఊళ్లను తగలబెట్టిన మాట మాత్రం నిజం. ఈ దాడుల్లో ముందు నిలిచిన జగదేవరావు ఎవరనుకున్నారు? ఇబ్రహీంకు కిరీటం తెచ్చిపెట్టిన జగదేవరావే. మధ్యలో చెడి, విజయనగరం చేరాడు. చివరికి కోయిలకొండ, పానగల్లు, ఘనపురం కోటలు వదులుకుని ఇబ్రహీం సంధి చేసుకోవలసి వచ్చింది.

ఆ అవమానం తరువాతే సుల్తానులు ఒక్కటయ్యారు. మధ్యవర్తిగా తిరిగినవాడు గోల్కొండ ముస్తఫా ఖాన్. హుసేన్ కూతురు చాంద్ బీబీని ఆదిల్ షాకిచ్చి, షోలాపూర్‌ను కట్నంగా ఇచ్చారు. బీరారు రానేలేదు. 1565 జనవరిలో కృష్ణ దాటి యుద్ధానికి దిగారు. హుసేన్ నడుమ, ఆదిల్ షా కుడిన, ఇబ్రహీం, బరీద్ షా ఎడమన నిలిచారు. మొదట విజయనగరం సేనే పై చేయి సాధించింది. అప్పుడు అహమద్‌నగర్ ఫిరంగులలో గుండ్లకు బదులు రాగి నాణాలు కూరి పేల్చారట. ముసలి రామరాయలు పల్లకి దిగి పారిపోలేక పట్టుబడ్డాడు. హుసేన్ అక్కడికక్కడే తల తీయించాడు. రామరాయల కొలువులోని ఇద్దరు ముస్లిం సేనానులు చివరి ఘడియలో ఫిరాయించారని రెండేళ్ల తరువాత ఆ నగరం చూసిన ఇటలీ వర్తకుడు రాశాడు. ఆ తరువాత నెలల తరబడి విజయనగరాన్ని దోచారు, కాల్చారు.

ఆ మంటల్లో తాను ఏడేళ్లు తలదాచుకున్న వీధులు కాలుతుంటే ఇబ్రహీం ఏమనుకున్నాడో ఏ పుస్తకంలోనూ లేదు. మేము ఆయనను వెనకేసుకు రావడానికి ఇది రాయడం లేదు. రామరాయలు కోటలు లాక్కున్నాడు, రాయబారులను చులకన చేశాడు, అన్నీ నిజమే. అయినా ఆపదలో అన్నం పెట్టిన చేయి అది. రాజ్యం కాపాడుకోవడం ఒకటి, ఆ నగరాన్ని అలా వదిలేయడం మరొకటి. యుద్ధం దాకా ఆయనకు కారణాలున్నాయి. నగరం విషయంలో మాకు కారణం కనిపించలేదు.

ఇది మతయుద్ధమని ఫరిష్తా గట్టిగా రాశాడు. ఆయన రాసింది యుద్ధం జరిగిన నలభై ఏళ్లకు, బీజాపూరు కొలువులో. అహమద్‌నగర్‌లో రామరాయల సైనికులు మసీదులను అవమానించారని నొచ్చుకున్నాడు. కానీ ఆ రోజు రామరాయలను వెంటబెట్టుకుని వెళ్లింది బీజాపూరు సుల్తానే. ఇక ఈ యుద్ధం తరువాత సుల్తానుల ఐకమత్యం ఎన్నాళ్లు నిలిచింది? 1574కల్లా బీరారును అహమద్‌నగర్ మింగింది. 1600లో అహమద్‌నగర్ కోట మొగలుల వశమైంది. 1619లో బీదరును బీజాపూరు కలుపుకుంది. 1686లో బీజాపూరు, 1687లో గోల్కొండ ఔరంగజేబు చేతికి పోయాయి. ఇరుగుపొరుగు లేకుండా చేసుకున్నాక ఉత్తరం నుంచి వచ్చిన వరదను ఆపేవారు ఎవరూ మిగలలేదు. దక్షిణాన రామరాయల తమ్ముడు తిరుమలరాయలు పెనుకొండకు తరలి, రాజ్యాన్ని కుదించుకుని నిలబెట్టాడు. ఆ వంశం చంద్రగిరి, వేలూరులకు జరిగి చిక్కిపోతున్న రోజుల్లోనే, 1639లో, ఇంగ్లీషు కంపెనీకి మద్రాసు దగ్గర చోటు దొరికింది.

ఇబ్రహీం చివరి ఏళ్లలో గోల్కొండ సేనలు మళ్లీ కృష్ణ దాటి ఇటు వచ్చాయి. వినుకొండ పోయింది, కంభం పోయింది, చివరికి కొండవీడు లొంగింది. కొండవీటికి ముర్తజానగరమని పేరు పెట్టారు. గుంటూరు సర్కారును చాలాకాలం ఆ పేరుతోనే పిలిచారు. 1515లో శ్రీకృష్ణదేవరాయలు గజపతుల నుంచి గెలుచుకున్న కోటలివి. చేతులు మారడం వీటికి కొత్త కాదు. ఆ రోజుల్లోనే, 1579లో, గోల్కొండ సేన అహోబిలం గుడిని దోచింది. దాన్ని దాచిపెట్టనక్కర లేదు. నడిపిన సేనాని పేరు మురహరిరావు, మరాఠా బ్రాహ్మణుడు. ఇది కూడా దాచనక్కర లేదు.

మరి తెలుగువారు ఈయనను మల్కిభరాముడని ముద్దుగా ఎందుకు పిలుచుకున్నారు? యుద్ధాల మధ్య ఆయన చేసిన మరో పని వల్ల. అద్దంకి గంగాధర కవి తన తపతీ సంవరణోపాఖ్యానాన్ని ఆయనకే అంకితమిచ్చాడు. కందుకూరి రుద్రకవికి ఆయన చింతలపాలెం అగ్రహారం ఇచ్చాడు. సుల్తానును చూసి ఆయన అధికారి, పటాన్‌చెరు అమీన్ ఖాన్ కూడా పొన్నెగంటి తెలగన చేత యయాతి చరిత్ర రాయించాడు. సంస్కృతం కలవని అచ్చ తెలుగులో వచ్చిన మొదటి కావ్యం ఒక ముస్లిం సర్దారుకు అంకితమైన సంగతి మా పాఠంలో లేదు. ఉండి ఉంటే ఆ రోజు మా బెంచీ వైపు తిరిగిన చూపులు మరోలా ఉండేవేమో! గోల్కొండకు రాతి ప్రాకారం, 1562లో హుసేన్ సాగర్, 1578లో మూసీ మీద పురానాపూల్, ఇబ్రహీంపట్నం చెరువు ఆయన కాలానివే.

1580 జూన్‌లో ఇబ్రహీం కన్నుమూశాడు. కొడుకు మహమ్మద్ కులీ పదకొండేళ్ల తరువాత హైదరాబాదుకు పునాది వేశాడు. ఇబ్రహీం సమాధి గోల్కొండ కోటకు ఉత్తరాన, తండ్రి సుల్తాన్ కులీ సమాధి ఉన్న తోటలోనే ఉంది. తండ్రిని చంపించిన అన్న జంషీద్ సమాధి కూడా అదే తోటలో ఉంది.