టికెట్ లేనిదే నెహ్రూనూ లోపలికి పంపని అమ్మాయి

పిల్లలూ, చెన్నైకి పోయినప్పుడు అడయారు పక్కన దుర్గాబాయి దేశ్‌ముఖ్ పేరుతో ఒక ఆసుపత్రి ఉంటుంది, బోర్డు చూడండి. తమిళనాడులో మనలాగే తెలుగు మాట్లాడే వాళ్లకు ఈ పేరు తెలిసి ఉండాలని ఇది రాస్తా ఉన్నాం.

ఆయమ్మ 1909 జూలై 15న రాజమండ్రిలో పుట్టింది. ఎనిమిదేండ్లకే పెండ్లి చేసేసినారు. పెద్దయినాక ఆ పెండ్లి తనకు వద్దని తేల్చి చెప్పి బయటికి వచ్చేసింది. ఆ కాలంలో అది ఎంత కష్టమో అమ్మానాన్నలకు చెప్పాల్సిన పని లేదు. పదో తరగతి అయిందంటే ఆడపిల్లకు సంబంధాలు చూసే ఇండ్లు మన పక్క ఇంకా ఉన్నాయి కదా!

చిన్నతనంలోనే హిందీ నేర్చుకొని, తోటి ఆడవాళ్లకు నేర్పింది. 1923లో కాకినాడలో కాంగ్రెస్ సభ జరిగినప్పుడు ఆయమ్మకు పద్నాలుగేండ్లు. ఖద్దరు ప్రదర్శన వాకిట్లో వాలంటీరుగా నిలబడింది. టికెట్ లేకుండా వచ్చిన జవహర్‌లాల్ నెహ్రూను ఆపేసింది. నిర్వాహకులు టికెట్ కొనిచ్చినాకనే లోపలికి వదిలింది. చెప్పిన పని చెప్పినట్టు చేసింది, అంతే.

1930లో మద్రాసులో ఉప్పు సత్యాగ్రహంలో దిగింది. జైలుకు పోయింది. మదురై జైలులో ఒంటరి గదిలో పెట్టినారు, ఆరోగ్యం చెడింది. బయటికి వచ్చినాక చదువు మీద పడింది. ఇరవై దాటిన వయసులో మెట్రిక్ మొదలుపెట్టి, ఆంధ్ర విశ్వవిద్యాలయంలో బి.ఏ. ఆనర్స్, 1942లో మద్రాసులో లా డిగ్రీ సంపాదించింది. చదువు ఆగిపోయిందని దిగులుపడే తల్లులు ఈ ముక్క రెండుసార్లు చదవండి.

మద్రాసులో ఉండే తెలుగు ఆడపిల్లలను కూర్చోబెట్టి మెట్రిక్‌కు పాఠాలు చెప్పేది. 1937లో పెట్టిన ఆంధ్ర మహిళా సభకు వేరు అదే. ఊరు తమిళం, ఇంటి మాట తెలుగు, పరీక్ష ఇంకో భాషలో. మన బడి పిల్లలకు ఇది కొత్త సంగతి కాదు.

1946లో రాజ్యాంగ సభలో సభ్యురాలయింది. సభాపతి లేనప్పుడు సభ నడిపే అధ్యక్షుల పట్టికలో ఉన్న ఒకే మహిళ ఆయమ్మే. రాజ్యసభకు నిలబడాలంటే 35 ఏండ్లు నిండాలని ముసాయిదాలో ఉంటే, దాన్ని 30కి తగ్గించాలని సవరణ పెట్టి గెలిపించింది. భాష గురించి వాదన వేడెక్కినప్పుడు, దక్షిణాదిలో హిందీ నేర్పిన మనిషి అయి ఉండీ, హిందీని జనం మీద రుద్దే తీరును తప్పుపట్టింది. హిందుస్తానీ కావాలన్నది. ఇష్టంతో నేర్చుకోవడం వేరు, బలవంతం వేరు అని ఆయమ్మకు అనుభవంతో తెలుసు.

1952 ఎన్నికల్లో ఓడిపోయింది. అయినా ఇంట్లో కూర్చోలేదు. ప్రణాళికా సంఘంలో సభ్యురాలయింది, 1953లో కేంద్ర సాంఘిక సంక్షేమ బోర్డుకు మొదటి అధ్యక్షురాలయింది. ఆ ఏడే ఆర్థిక మంత్రి సి.డి. దేశ్‌ముఖ్‌ను పెండ్లాడింది, ఈసారి తనకు నచ్చి. 1958లో ఆడపిల్లల చదువు గురించి వేసిన జాతీయ సంఘానికీ ఆమే అధ్యక్షురాలు. చైనాకు పోయి చూసొచ్చి, కుటుంబ తగాదాలకు వేరే కోర్టులు కావాలని పట్టుబట్టింది. ఆ చట్టం 1984లో వచ్చింది. ఆయమ్మ 1981 మేలోనే కన్నుమూసింది, చూడలేదు.